వీటో సంగతి సరే, మండలిలో మాట కుదరకపోతే ఏం జరుగుతుంది?

మీ ప్రశ్నలో రెండు ముక్కలున్నాయి. భద్రతా మండలిలో వీటో ఉన్నంత కాలం ఐక్యరాజ్యసమితి వల్ల యుద్ధాలు ఆగవు కదా అన్నది మొదటిది. శాశ్వత సభ్యుల సంఖ్య పెంచితే పరిస్థితి బాగుపడుతుందా అన్నది రెండోది. నేను అంతర్జాతీయ చట్టం పాఠాలు చెప్పడం మొదలుపెట్టి ఇరవై రెండేళ్లయింది. ఏటా మొదటి క్లాసులో ఈ రెండు ప్రశ్నలూ తప్పకుండా వస్తాయి. ఒకప్పుడు వెంటనే సమితి మూల ఒప్పందమైన చార్టర్‌లోని 27వ అధికరణ తీసి, శాశ్వత సభ్యదేశాలైన అమెరికా, రష్యా, చైనా, బ్రిటన్, ఫ్రాన్స్‌లలో ఏ ఒక్కటి కాదన్నా తీర్మానం ఆగిపోయే ఈ వీటో కథ మొదలుపెట్టేవాణ్ని. ఇప్పుడు రువాండా దగ్గర మొదలుపెడుతున్నాను.

1994 ఏప్రిల్‌లో రువాండాలో ఊచకోత మొదలైనప్పుడు అక్కడ సమితి శాంతి సైనికులు దాదాపు 2,500 మంది ఉన్నారు. వాళ్ల కమాండర్, కెనడాకు చెందిన రోమియో డాలెర్, ఇంకా బలగాలు కావాలని మొత్తుకున్నాడు. పది మంది బెల్జియం సైనికుల్ని చంపేశాక బెల్జియం తన దళాన్ని వెనక్కి పిలిచింది. ఏప్రిల్ 21న భద్రతా మండలి 912వ తీర్మానం చేసి, మిగిలిన దళాన్ని 270 మందికి కుదించింది. ఆ తీర్మానానికి ఒక్క వ్యతిరేక ఓటూ పడలేదు. ఎవరూ వీటో వాడలేదు, వాడాల్సిన అవసరమే రాలేదు. ఇంకో విడ్డూరం, ఆ ఏడాది రువాండా కూడా మండలిలో ఎన్నికైన సభ్యదేశమే. ఏ ప్రభుత్వ యంత్రాంగం చేతుల మీదుగా ఆ చంపుడు సాగుతోందో, దాని ప్రతినిధి కూడా అదే బల్ల దగ్గర కూర్చుని ఉన్నాడు. మూడు నెలల్లో దాదాపు 8 లక్షల మంది చనిపోయారు.

కాబట్టి జరిగిన ప్రతి ఘోరాన్నీ వీటో ఖాతాలో వేయలేం. పెద్ద దేశాలకు ఆసక్తి లేని చోట వీటోతో పనే లేదు.

వీటో అసలు ఎందుకు పెట్టారో కూడా ఒకసారి చూడాలి. అంతకు ముందున్న నానాజాతి సమితిలో దాదాపు ప్రతి నిర్ణయానికీ అందరూ ఒప్పుకోవాల్సి వచ్చేది. అమెరికా అందులో చేరనే లేదు. చైనాలోని మంచూరియాను ఆక్రమించినందుకు తప్పుబడితే జపాన్ 1933లో లేచి వెళ్లిపోయింది. 1935లో ఇటలీ ఇథియోపియా మీద పడితే ఆంక్షలు పెట్టారు గానీ, ఇటలీని నిజంగా ఇబ్బంది పెట్టే చమురును ఆ జాబితాలో చేర్చలేదు, సూయెజ్ కాలువనూ మూయలేదు. 1945లో శాన్‌ఫ్రాన్సిస్కోలో చార్టర్ రాసినవాళ్లకు ఇదంతా కళ్ల ముందు జరిగిన సంగతే. బలవంతుడు లేచి వెళ్లిపోయిన సభ కంటే, బలవంతుడు అడ్డుపడుతున్నా లోపలే ఉన్న సభ నయమని వాళ్లు అనుకున్నారు. ఆ లెక్క మనకు నచ్చకపోవచ్చు గానీ తెలివితక్కువ లెక్క మాత్రం కాదు. గొప్ప శక్తుల మధ్య మూడో ప్రపంచ యుద్ధం రాకపోవడంలో దాని వాటా ఎంతన్నది ఎవరూ తూచి చెప్పలేరు. ఐదు దేశాల్లో ఒక్కటి కూడా ఇప్పటిదాకా సమితిని వదిలి వెళ్లలేదన్నది మాత్రం నిజం.

ఇక వీటో తీసేయడం గురించి. చార్టర్‌ను సవరించాలంటే 108వ అధికరణ ప్రకారం మూడింట రెండు వంతుల సభ్యదేశాలు ఒప్పుకోవాలి, ఆ తర్వాత మూడింట రెండు వంతుల దేశాలు తమ తమ రాజ్యాంగ పద్ధతిలో ధ్రువీకరించాలి, ఆ ధ్రువీకరించిన వాటిలో ఐదు శాశ్వత సభ్యదేశాలూ ఉండి తీరాలి. అంటే వీటో రద్దు మీద కూడా వాళ్లకు వీటో ఉంది. ఎవరు కూర్చున్న కొమ్మను వాళ్లే నరుక్కోమంటే నరుక్కోరు. అందుకే వీటో రద్దు అయ్యేదాకా ఏమీ చేయలేమనే వాదన నాకు సోమరి వాదనగా కనిపిస్తుంది.

నా దృష్టిలో అడగాల్సిన ప్రశ్న వేరే ఉంది. మండలిలో మాట కుదరకపోతే ఏం జరుగుతుంది? కంప్యూటర్ భాషలో చెప్పాలంటే డిఫాల్ట్ ఏమిటి? ఉన్నది ఆగిపోతుందా, కొనసాగుతుందా? వీటో బలమంతా ఈ ఒక్క విషయం మీద ఆధారపడి ఉంటుంది. దీన్ని మార్చడానికి చార్టర్ సవరణ అక్కర్లేదు, తీర్మానంలో ఒక వాక్యం వేరేగా రాస్తే చాలు.

మాసిడోనియా ఉదాహరణ చూడండి. యుగోస్లావియా ముక్కలవుతున్న రోజుల్లో, యుద్ధం అంటుకోకముందే ఒక చిన్న శాంతి దళాన్ని అక్కడ సరిహద్దులో పెట్టారు. చేతులు కాలాక ఆకులు పట్టుకునే సమితి, ముందే జాగ్రత్తపడిన అరుదైన సందర్భం అది. పని బాగానే జరిగింది. 1999 జనవరిలో మాసిడోనియా తైవాన్‌ను గుర్తించింది. ఫిబ్రవరి 25న దళం గడువు పొడిగింపు ఓటింగ్‌కు వస్తే చైనా వీటో చేసింది. అక్కడ పరిస్థితి కుదుటపడింది, ఇక దళం అవసరం లేదని చైనా చెప్పిన కారణం. దళం తిరిగి వెళ్లిపోయింది. 2001లో అదే దేశంలో ప్రభుత్వానికీ అల్బేనియన్ సాయుధులకూ మధ్య పోరు మొదలైంది. దళం ఉండి ఉంటే ఆగేదా అంటే ఖాయంగా చెప్పలేను. ఆ గొడవకు మూలం దేశం లోపల ఉంది, దళం కాపలా కాసింది సరిహద్దును. కానీ దాన్ని తీసేయడానికి చైనా ఎవరినీ ఒప్పించాల్సిన పని పడలేదన్నది గమనించండి. గడువు దానంతటదే ముగిసేలా రాసి ఉంది కాబట్టి, పొడిగింపు మీద ఒక్క చెయ్యి లేస్తే సరిపోయింది.

ఇప్పుడు దీని పక్కన ఇంకో రెండు దళాలు పెట్టి చూడండి. 1948లో పశ్చిమాసియాలో పెట్టిన కాల్పుల విరమణ పరిశీలక బృందం ఒకటి. 1949 జనవరిలో భారత్, పాకిస్తాన్‌ల మధ్యకు వచ్చిన పరిశీలక బృందం ఇంకొకటి. ఈ రెండూ ఇప్పటికీ ఉన్నాయి. వాటికి గడువు రాయలేదు. మండలి పనిగట్టుకుని ముగిస్తేనే ముగుస్తాయి. 1972 సిమ్లా ఒప్పందంతో రెండో బృందానికి పని లేకుండా పోయిందని భారత్ వాదన. ముగించే అధికారం మండలికే ఉందని సమితి కార్యాలయం జవాబు. ఎవరి వాదన సరైనదన్నది పక్కన పెట్టండి. ఒక ముఖ్యమైన సభ్యదేశమే వద్దంటున్నా ఆ బృందం ఇన్నేళ్లు నిలబడటానికి కారణం, ఏమీ తేల్చకపోతే అది కొనసాగుతుంది కాబట్టి. అందులోనే ఒక హెచ్చరిక కూడా ఉంది. ముగింపు లేనిది పనికొచ్చినా రాకపోయినా మిగిలిపోతుంది.

సిరియాలో ఇదే తమాషా ఆహారం, మందుల విషయంలో జరిగింది. 2014లో 2165వ తీర్మానం నాలుగు సరిహద్దు దారుల గుండా సహాయం పంపడానికి అనుమతించింది, డమాస్కస్ ప్రభుత్వం ఒప్పుకోకపోయినా సరే. కానీ దానికి గడువు ఉంది. పొడిగింపుకు వచ్చిన ప్రతిసారీ బేరం జరిగేది. 2020 జులై నాటికి నాలుగు దారులు కాస్తా ఒకటయ్యాయి. 2023 జులైలో రష్యా వీటోతో ఆ ఒక్కదానికీ అనుమతి పోయింది. లక్షల మందికి వెళ్లే రొట్టె ముక్క మళ్లీ మళ్లీ బేరసారాల బల్ల మీదికి రావడం, దాన్ని దౌత్యం అనడం నాకైతే మింగుడు పడదు.

ఇంతవరకు చదివి, అయితే అన్నిటికీ గడువు తీసేస్తే సరిపోతుందని మీరు అనుకుంటే, ఇరాక్ దగ్గర ఆగాలి. 1990 ఆగస్టులో కువైట్‌ను ఆక్రమించినందుకు ఇరాక్ మీద 661వ తీర్మానంతో సమగ్ర ఆంక్షలు పెట్టారు. వాటికి గడువు లేదు. పెట్టడానికి ఐదుగురూ ఒప్పుకున్నారు. తీయాలంటే మళ్లీ ఐదుగురూ ఒప్పుకోవాలి. కువైట్ విడుదలై ఏళ్లు గడిచాయి, మామూలు జనం అల్లాడిపోయారు, మండలిలో చాలామందికి మనసు మారింది. అయినా అమెరికా, బ్రిటన్ ఒప్పుకోనంత కాలం ఆంక్షలు కదల్లేదు. మా రంగంలో దీన్ని తిరగేసిన వీటో అంటారు. చివరికి 2003 మే నెలలో, సద్దాం ప్రభుత్వమే కూలిపోయాక వాటిని ఎత్తేశారు. ఆ చేదు అనుభవం వల్లే 2000లో ఇథియోపియా, ఎరిత్రియాల మీద ఆయుధ నిషేధం పెట్టినప్పుడు 12 నెలల గడువు రాశారు. పొడిగించాలంటే మళ్లీ ఓటు కావాలి. అప్పటి నుంచి ఆంక్షలకు గడువు రాయడం అలవాటైంది, కానీ అన్నిసార్లూ కాదు, అన్నిచోట్లా ఒకేలా కాదు.

అంటే ఒకే సూత్రం అన్నిటికీ పనికిరాదు. శిక్ష లాంటిది, అంటే ఆంక్షలు, సైనిక చర్యకు అనుమతి, వీటికి గడువు ఉండాలి. కాపలా లాంటిది, అంటే పరిశీలకులు, నిజనిర్ధారణ బృందాలు, ఆహార సహాయం, ఇవి ఎవరో పనిగట్టుకుని ఆపితే తప్ప ఆగకూడదు. ప్రస్తుతం చాలాచోట్ల దీనికి సరిగ్గా తలకిందులుగా ఉంది. ఉత్తర కొరియానే తీసుకోండి. ఆంక్షలకు గడువు లేదు. ఆంక్షలు అమలవుతున్నాయా లేదా అని చూసే నిపుణుల బృందానికి మాత్రం ఏటా పొడిగింపు కావాలి. 2024 మార్చిలో రష్యా వీటో చేసింది, ఏప్రిల్ నెలాఖరుతో ఆ బృందం రద్దయింది. ఆంక్షలు కాగితం మీద అలాగే ఉన్నాయి, చూసే కన్ను పోయింది. ఇంత పనికిమాలిన అమరిక ఇంకోటి ఊహించుకోవడం కష్టం.

ఇదంతా గాలిలో మేడ కాదనడానికి ఒక గట్టి ఉదాహరణ ఇరాన్ అణు ఒప్పందం, అంటే అణు కార్యక్రమానికి ఇరాన్ హద్దులు పెట్టుకుంటే దాని మీద ఆంక్షలు ఎత్తేస్తామన్న మాట. 2015 జులైలో మండలి 2231వ తీర్మానం చేసింది. దాన్ని రాసినవాళ్లు వీటోను తిరగేసి వాడుకున్నారు. ఒప్పందంలోని దేశం ఏదైనా, ఇరాన్ మాట తప్పిందని మండలికి ఫిర్యాదు చేస్తే 30 రోజుల గడువు మొదలవుతుంది. ఆ లోపు ఆంక్షల ఎత్తివేతను కొనసాగిస్తున్నాం అని మండలి తీర్మానం చేయకపోతే పాత ఆంక్షలు వాటంతటవే తిరిగొస్తాయి. మామూలుగా ఆంక్షలను అడ్డుకోవడానికి వీటో వాడతారు. ఇక్కడ వీటో వాడితే ఆంక్షలే వస్తాయి. 2025 ఆగస్టు 28న బ్రిటన్, ఫ్రాన్స్, జర్మనీ ఆ మీట నొక్కాయి, సెప్టెంబర్ చివరికి ఆంక్షలు తిరిగొచ్చాయి. రష్యా, చైనా అది చెల్లదని అంటున్నాయి, ఆ గొడవ వేరే. ఆ పని మంచిదా చెడ్డదా అన్నది కూడా నేను చెప్పడం లేదు. శాశ్వత సభ్యదేశాలు ఐదూ తమ వీటో బలాన్ని ముందుగానే తగ్గించే వాక్యానికి చేతులెత్తాయి అన్నదే నాకు ముఖ్యం. 2015లో వాళ్లందరికీ ఆ ఒప్పందం కావాలి, కాబట్టి ఒప్పుకున్నారు. ఒప్పందం కావాలనే తొందర ఉన్నప్పుడే ఇలాంటి వాక్యాలు రాయించుకోవాలి, తర్వాత అడిగితే రావు.

క్లాసులో నేను ఆడించే ఒక ఆట చెబుతాను. ఊహాజనితమైన రెండు దేశాల మధ్య కాల్పుల విరమణ, మధ్యలో పరిశీలకులు. పిల్లల్ని పదిహేను దేశాలుగా విడదీస్తాను. ఒక సెక్షన్‌కు, ఆరు నెలలకోసారి పొడిగించకపోతే బృందం వెళ్లిపోతుంది అని ఇస్తాను. ఇంకో సెక్షన్‌కు, తొమ్మిది ఓట్లతో ముగిస్తేనే వెళ్తుంది అని ఇస్తాను. మిగతాదంతా అక్షరం మార్చను. మొదటి సెక్షన్‌లో శాశ్వత సభ్యుల వేషం వేసినవాళ్లు గంటలోపే సంబంధం లేని కోరికలు మొదలుపెడతారు, మా దేశానికి అది ఇస్తే పొడిగింపుకు ఒప్పుకుంటాం అని. రెండో సెక్షన్‌లో బోరు కొడుతోందని ఫిర్యాదు చేస్తారు. ఆ బోరు కొట్టడమే నాకు కావలసింది.

ఇప్పుడు మండలి బయట ఏం చేయవచ్చో కొంచెం. సభ్యదేశాలన్నీ ఉండే సాధారణ సభను మాటల సభ అని తేలిగ్గా తీసేస్తారు గానీ, అది ఎప్పుడూ అలా లేదు. 1950 నవంబర్‌లో 377వ తీర్మానం చేసి, మండలి చిక్కుకుపోతే అత్యవసరంగా తానే సమావేశం కావచ్చని సాధారణ సభ తేల్చుకుంది. 1956 సూయెజ్ సంక్షోభంలో, ఈజిప్ట్ మీద దాడికి దిగిన బ్రిటన్, ఫ్రాన్స్ మండలిలో వీటో చేస్తే, వ్యవహారం సాధారణ సభకు వెళ్లింది. సాయుధులైన మొదటి శాంతి దళాన్ని పెట్టింది ఆ సభే, మండలి కాదు. 2016 డిసెంబర్‌లో సిరియా నేరాల సాక్ష్యాలు సేకరించే యంత్రాంగాన్ని పెట్టింది కూడా సాధారణ సభే. 2022 ఏప్రిల్‌లో లిక్టెన్‌స్టైన్ అనే చిన్న దేశం చొరవతో ఇంకో మార్పు వచ్చింది. ఎవరు వీటో వాడినా పది పని దినాల లోపు సాధారణ సభ సమావేశమై దాని మీద చర్చిస్తుంది, ఎవరూ అడగక్కర్లేదు. చర్చతో యుద్ధం ఆగదు నిజమే. కానీ ఇదివరకు వీటో తర్వాత నిశ్శబ్దం ఉండేది, ఇప్పుడు సంజాయిషీ ఉంటుంది. ఇదీ మాట కుదరకపోతే ఏం జరగాలన్న దానికి రాసుకున్న జవాబే.

ఆ బాటలో తర్వాతి అడుగు నా లెక్కలో ఇది. పొడిగింపు వీటో అయిన ప్రతి పరిశీలక బృందాన్నీ, ప్రతి సహాయ అనుమతినీ సాధారణ సభ ఆరు నెలలు తన కింద ఉంచుకునే పద్ధతి పెట్టాలి. సైనిక బలప్రయోగం దానికి ఇవ్వలేం, చార్టర్ ఒప్పుకోదు. కానీ ఆతిథ్య దేశం సరేనన్న చోట పరిశీలకుల్ని ఉంచడానికి 1956లోనే దారి వేసి ఉంది.

ఆతిథ్య దేశం వద్దంటే? అక్కడ ఈ ఆలోచనంతా ఆగిపోతుంది, ఒప్పుకుంటున్నాను. సాధారణ సభ పెట్టిన ఆ సూయెజ్ దళాన్నే 1967 మే నెలలో ఈజిప్ట్ వెళ్లిపొమ్మంది. ప్రధాన కార్యదర్శి ఊ థాంట్ ఉపసంహరించారు. జూన్ 5న ఇజ్రాయెల్‌తో యుద్ధం. 2023లో మాలి ప్రభుత్వమూ శాంతి దళాన్ని పొమ్మంది, డిసెంబర్ నాటికి దళం వెళ్లిపోయింది. శాశ్వత సభ్యదేశమే దాడికి దిగినప్పుడు కూడా నేను చెప్పిందేదీ పనిచేయదు. కంచే చేను మేస్తే ఏ తీర్మానంలో ఏ వాక్యం రాసినా లాభం లేదు. 2022 మార్చి 2న ఉక్రెయిన్ మీద దాడిని ఖండిస్తూ సాధారణ సభలో 141 దేశాలు ఓటేశాయి, ట్యాంకులు ఆగలేదు. సామూహిక భద్రత అంటే ఐదుగురి మీద మిగతా ప్రపంచానికి ఇచ్చే రక్షణ అని 1945లో ఎవరూ అనలేదు. అందరూ కలిసి మిగతావాళ్ల మీద నిలబడతామని మాత్రమే అన్నారు. ఆ సగం మాటనైనా నిలబెట్టుకునేలా చేయవచ్చా అన్నదే నా జవాబు పరిధి.

డబ్బు గురించి ఒక్క మాట. 2024-25 సంవత్సరానికి శాంతి దళాల బడ్జెట్ సుమారు 560 కోట్ల డాలర్లు. 2024లో ప్రపంచ దేశాలన్నీ కలిసి సైన్యాల మీద పెట్టిన ఖర్చు 2.7 లక్షల కోట్ల డాలర్ల పైమాటే. ఈ కొంచెంలోనూ అమెరికా, చైనాల వాటా కలిపితే దాదాపు సగం. వాళ్లలో ఒకరు చందా ఆపినా, ఆలస్యం చేసినా దళాలకు సైనికుల్ని ఇచ్చిన పేద దేశాలకు బకాయిలు పేరుకుపోతాయి. ఓటు వేయకుండానే వీటో చేసే పద్ధతి ఇది, పేపర్లలో పెద్దగా రాదు. ఇందాక చెప్పిన 1948, 1949 బృందాలకు ఖర్చు సమితి మామూలు బడ్జెట్ నుంచే వస్తుంది, విడిగా శాంతి దళాల పద్దు లేదు. వాటి దీర్ఘాయుష్షుకు అదీ ఒక కారణం.

మీ రెండో ప్రశ్న, సీట్ల సంగతి. పెంచాలి. ఆఫ్రికాకు ఒక్క శాశ్వత సీటు లేకుండా, ఆఫ్రికా సంక్షోభాల మీద న్యూయార్క్‌లో తీర్పులివ్వడం ఎబ్బెట్టుగా ఉంది. నిర్ణయానికి విలువ రావాలంటే చేసేవాళ్లలో మనవాళ్లున్నారని జనానికి అనిపించాలి. కానీ సీట్లు పెరిగితే చిక్కుముడి విడిపోతుందని మాత్రం అనుకోకండి. ఐదుగురి మధ్య కుదరనిది పదిమంది మధ్య ఇంకా తొందరగా కుదరదు.

అది ఎప్పటికీ జరగని పని అని కొట్టిపారేయడం కూడా తప్పే. ఒకసారి జరిగింది. మొదట్లో మండలిలో 11 మందే ఉండేవాళ్లు. 1963 డిసెంబర్ 17న దాన్ని 15కు పెంచే తీర్మానం సాధారణ సభలో ఓటుకు వచ్చింది. శాశ్వత సభ్యదేశాల్లో ఫ్రాన్స్, సోవియట్ యూనియన్ వ్యతిరేకించాయి. అమెరికా, బ్రిటన్ గోడ మీద పిల్లుల్లా తటస్థంగా ఉండిపోయాయి. అప్పట్లో తైపే నుంచి నడుస్తున్న చైనా ప్రభుత్వం ఒక్కటే అనుకూలంగా ఓటేసింది. అయినా తీర్మానం నెగ్గింది. కొత్తగా స్వతంత్రమైన ఆసియా, ఆఫ్రికా దేశాలన్నీ ఒకే మాట మీద నిలబడ్డాయి. ఇరవై నెలలు తిరిగేసరికి, 1965 ఆగస్టు 31 నాటికి, ఐదు దేశాలూ ధ్రువీకరించాయి. సభలో వద్దన్నవాళ్లకు, ప్రపంచమంతా చూస్తుండగా తామొక్కరమే అడ్డుపడ్డామన్న పేరు మోయడం ఇష్టం లేకపోయింది.

2005లో శాశ్వత సీట్లు పెంచాలంటూ భారత్, బ్రెజిల్, జర్మనీ, జపాన్ కలిసి ఒక ముసాయిదా తెచ్చాయి. ఇటలీ, పాకిస్తాన్ లాంటి దేశాల గుంపు, దాన్నే కాఫీ క్లబ్ అంటారు, అడ్డం తిరిగింది. కొత్త శాశ్వత సభ్యులకూ వీటో ఉండాలని ఆఫ్రికన్ యూనియన్ పట్టుబట్టింది. లెక్కలు చూసుకున్న నాలుగు దేశాలూ ముసాయిదాను ఓటింగ్‌కే పెట్టలేదు. ఇప్పుడు సభ్యదేశాలు 193, మూడింట రెండు వంతులంటే 129. ఐదు పెద్ద దేశాలు కాదంటాయా అని పరీక్షించే దశకు ఈ వ్యవహారం ఇంతవరకు రానే లేదు. 129 దగ్గరే ఆగిపోయి ఉంది.